నాన్నతో చూసిన ‘మ్యాన్ ఆఫ్ ఐరన్’

పోలండ్ దర్శకుడు ఆంద్జేయ్ వైదా తీసిన ‘మ్యాన్ ఆఫ్ ఐరన్’ సినిమాని నేను మొదటిసారి మా నాన్న పక్కన కూర్చుని చూశాను. 1990లో, విశాఖపట్నంలో, ఒక ఫిల్మ్ సొసైటీ వాళ్ళు వేసిన షోలో. ఆ తర్వాత చాలాసార్లు ఒక్కడినే చూశాను గానీ, ఇప్పటికీ అందులో ఏ సీను తలుచుకున్నా నాన్న అక్కడ ఏమన్నారో ముందు గుర్తొస్తుంది.

నాన్న షిప్‌యార్డులో వెల్డరు. 1948లో నెహ్రూ వచ్చి ‘జలఉష’ని నీళ్ళలోకి దింపిన యార్డు. మల్కాపురం వైపు క్వార్టర్స్‌లో పెరిగిన పిల్లలం మేము. సైరన్ బట్టి టైం చెప్పేవాళ్ళం. కళ్ళకి ఆర్క్ కొట్టిన రాత్రుళ్ళు నాన్న మంచం మీద వెల్లకిలా పడుకుంటే, అమ్మ బంగాళదుంప చక్రాలు కోసి రెండు కళ్ళ మీదా పెట్టేది. ఆ చీకట్లోనే ఆయన గేట్ మీటింగులో ఎవరేం మాట్లాడారో చెబుతుండేవారు. ఎర్రజెండా యూనియన్. ముందుగదిలో వెంకటేశ్వరస్వామి క్యాలెండర్ పక్కనే లెనిన్ ఫొటో. అమ్మ రెండింటికీ ఒకే గుడ్డతో దుమ్ము దులిపేది.

అలాంటి ఇంట్లోకి 1980 ఆగస్టులో రేడియో వార్తల్లో పోలండ్ వచ్చింది. గ్డాన్‌స్క్ అనే ఊళ్ళో లెనిన్ షిప్‌యార్డులో సమ్మె అని చెప్పారు. యార్డు పేరు విని నాన్న రేడియో సౌండ్ పెంచారు. పక్క క్వార్టరు మావయ్య, నాన్నతో కలిసి యూనియన్‌లో తిరిగే మనిషి, ఆ సాయంత్రమే వచ్చి తేల్చేశాడు. “ఇదంతా అమెరికా వాళ్ళు చేయిస్తున్నది బావా. కార్మికుల రాజ్యంలో కార్మికుడు సమ్మె చేయడమేంటి?” నాన్న వెంటనే ఏమీ అనలేదు. చివర్లో మాత్రం, “అయినా పనాపింది వెల్డరూ ఫిట్టరే కదా. వాళ్ళేమంటున్నారో వినాలి కదా ముందు” అన్నారు. వినడానికి మాకు దారి ఎక్కడుంది? పేపర్లో నాలుగు లైన్లు వచ్చేవి. 1981 డిసెంబర్ 13న జనరల్ యరుజెల్‌స్కీ సైనిక పాలన పెట్టాడని, ఆ సమ్మెలోంచి పుట్టిన సాలిడారిటీ యూనియన్ నాయకుల్ని అర్ధరాత్రి ఇళ్ళ నుంచి పట్టుకుపోయారని చదివాం. ఆ తర్వాత పోలండ్ సంగతి మా ఇంట్లో ఎవరూ ఎత్తలేదు.

అందుకే తొమ్మిదేళ్ళ తర్వాత, పోలండ్‌లో ఎన్నికలు జరిగి ఆ యూనియన్ వాళ్ళే ప్రభుత్వంలోకి వచ్చాక, “నాన్నా, గ్డాన్‌స్క్ సమ్మె మీద సినిమా వేస్తున్నారు, వస్తారా?” అని అడిగితే, జనరల్ షిఫ్ట్ నుంచి వచ్చి స్నానం చేసి చొక్కా మార్చుకుని నాకంటే ముందే వీధిలో నిలబడ్డారు. చిన్న హాలు, మడత కుర్చీలు, పదహారు ఎం.ఎం. ప్రొజెక్టరు. రీలు మార్చినప్పుడల్లా లైట్లు వేసేవాళ్ళు. కింద ఇంగ్లీషు అక్షరాలు. నాన్నకి అంత వేగంగా చదవడం రాదు కాబట్టి నేను చెవిలో తెలుగులో చెబుతూ కూర్చున్నాను. రెండున్నర గంటలు.

కథ మొదలయ్యేది సమ్మెతో కాదు, ఒక పిరికివాడితో. వింకెల్ అని వార్సా రేడియోలో పనిచేసే విలేకరి. తాగుబోతు. సమ్మె నాయకుల్లో ఒకడైన మాచెక్ తోమ్‌చిక్ అనే కుర్రాడి మీద బురద చల్లే ప్రోగ్రాం ఒకటి తయారుచేయమని పైవాళ్ళు అతన్ని గ్డాన్‌స్క్ పంపిస్తారు. కాదనలేడు, అతని పాత లొసుగులన్నీ వాళ్ళ గుప్పిట్లో ఉన్నాయి. తీరా ఊళ్ళో దిగేసరికి ఎక్కడా మందు చుక్క దొరకదు. సమ్మె రోజులు కదా, మొత్తం నిషేధం. ఎలాగో దక్కిన ఒక్క వోడ్కా సీసా హోటల్ బాత్రూంలో చేయి జారి పగిలిపోతుంది. వింకెల్ మోకాళ్ళ మీద కూర్చుని, గాజు పెంకుల మధ్య పారుతున్న వోడ్కాని తువ్వాలుతో అద్ది, గ్లాసులోకి పిండుకుని తాగుతాడు. మారియన్ ఒపానియా అనే నటుడు అది చేసిన తీరు చూస్తే కడుపులో దేవినట్టు ఉంటుంది, జాలీ వేస్తుంది. హాల్లో కొందరు నవ్వారు. నాన్న నవ్వలేదు. “సమ్మె నోటీసు ఇచ్చిన రోజు నుంచి సారా దుకాణం వైపు ఎవడూ వెళ్ళకూడదని మన వాళ్ళూ చెప్పేవారు. తాగినోడి చేత ఎవడైనా రాయి వేయించగలడు” అన్నారు. ఆ సీనుతోనే ఆయనకి సినిమా మీద నమ్మకం కుదిరింది. తీసినవాడికి సమ్మె అంటే తెలుసు అనుకున్నారు.

వింకెల్ ఒక్కొక్కరినీ కలుస్తూ పోతుంటే మాచెక్ కథ వెనక్కి వెనక్కి విప్పుకుంటుంది. మాచెక్ తండ్రి పేరు బిర్కుత్. ఆయన కథతోనే వైదా అంతకుముందు 1977లో ‘మ్యాన్ ఆఫ్ మార్బుల్’ తీశాడు. యాభైల్లో నోవా హుతా అనే ఉక్కు నగరం కట్టేటప్పుడు, అందరికంటే ఎక్కువ ఇటుకలు పేర్చిన తాపీమేస్త్రీగా పార్టీ అతన్ని ఆకాశానికెత్తి, పాలరాతి విగ్రహం చేయించి, తర్వాత అవసరం తీరాక ఆ విగ్రహాన్నీ మనిషినీ మూలన పడేసిన కథ అది. తండ్రీ కొడుకులిద్దరి వేషాలూ యెజీ రాద్జివిలోవిచ్ ఒక్కడే వేశాడు. మనకి డబుల్ యాక్షన్ కొత్తేం కాదు గానీ, ఇక్కడ ఇద్దరూ ఒకే ముఖం కావడానికి లోతైన కారణం ఉంది.

1968 మార్చిలో వార్సాలో, ఇంకా చాలా ఊళ్ళల్లో, విద్యార్థులు వీధుల్లోకి వచ్చారు. పోలీసులు లాఠీలతో కొట్టారు. సినిమాలో మాచెక్ అప్పుడు స్టూడెంటు. మీ కార్మికుల్ని తీసుకుని మాకు తోడు రా నాన్నా అని బతిమాలుతాడు. బిర్కుత్ రాడు, కొడుకునీ వెళ్ళనివ్వడు. ఇది పైవాళ్ళలో వాళ్ళకున్న కుమ్ములాట, మనల్ని వాడుకుంటున్నారు, మన సమయం ఇది కాదు అంటాడు. రెండేళ్ళకి 1970 డిసెంబర్ వచ్చింది. క్రిస్మస్ ఇంకో పది పన్నెండు రోజులుందనగా మాంసం, తిండి సరుకుల ధరలు పెంచుతున్నామని ప్రభుత్వం ప్రకటించింది. గ్డాన్‌స్క్ యార్డు కార్మికులు బయటికొచ్చారు. ఈసారి వాళ్ళు విద్యార్థుల హాస్టల్ దగ్గరికొచ్చి, మాతో రండి అని కింద నుంచి పిలుస్తారు. 68లో మీరు వచ్చారా అని విద్యార్థులు కదలరు. మాచెక్ కూడా కదలడు. బిర్కుత్ తూటా తగిలి చనిపోతాడు.

రీలు అక్కడే అయిపోయిందో, కాస్త తర్వాతో, లైట్లు వెలిగాయి. నాన్న ముఖం చూడాలంటే నాకు బెరుకనిపించింది. నేనప్పుడు ఏయూలో ఇంజనీరింగు చదువుతున్నాను. క్యాంపస్‌లో ఏదో ఒక గొడవ నడుస్తూనే ఉండేది. నాన్న ప్రతిసారీ “నువ్వు చదువుకో, అవన్నీ మేం చూసుకుంటాం” అనేవారు. ఆ రోజు ఆయన లైట్ల వెలుగులో నావైపు చూడకుండానే, “తండ్రన్నవాడు భయపడతాడురా. పిల్లాడి గురించి భయపడతాడు. వాళ్ళకి కావల్సిందీ అదే” అన్నారు. ‘వాళ్ళు’ ఎవరో నేనడగలేదు.

1970 నాటి దృశ్యాల్లో చాలావరకు వైదా తీసినవి, కొన్ని నిజం ఫిల్ములు. రెండూ ఎక్కడ కలిశాయో తెలియకుండా అతికించాడు. గ్డీనియాలో డిసెంబర్ 17న జరిగింది మాత్రం ఏ దర్శకుడూ కల్పించలేడు. ముందురోజు టీవీలో పార్టీ నాయకుడొకడు కార్మికులారా పనికి రండి అని పిలిచాడు. ఆ మాట నమ్మి తెల్లవారుజామున యార్డు స్టేషన్లో రైలు దిగినవాళ్ళ మీద సైన్యం కాల్పులు జరిపింది. చనిపోయిన ఒక కుర్రాణ్ణి తోటివాళ్ళు తలుపు రెక్క మీద పడుకోబెట్టి వీధుల వెంట మోసుకెళ్ళారు. అతని పేరు అప్పట్లో ఎవరికీ తెలియదు. అందుకని అతని మీద కట్టిన పాటలో యానెక్ విష్నియెవ్‌స్కీ అని ఒక మామూలు పేరు పెట్టారు. నిజం పేరు జ్బిగ్నియెవ్ గొద్లెవ్‌స్కీ, పద్దెనిమిదేళ్ళవాడు. సముద్రతీరం వెంట ఉన్న ఆ ఊళ్ళల్లో ఆ డిసెంబర్‌లో మొత్తం 45 మంది చనిపోయారని అధికారిక లెక్క. పార్టీ అధినేత గొముల్కా దిగిపోయి గియెరెక్ వచ్చాడు. పెంచిన ధరలు వెనక్కి తీసుకున్నది మాత్రం 1971 ఫిబ్రవరిలో, ఊచ్ నగరంలో బట్టల మిల్లుల ఆడవాళ్ళు పని ఆపాకే. సినిమా చివర ఆ తలుపు రెక్క పాటని క్రిస్టినా యాండా పాడుతుంది. గొంతు చీల్చుకుని పాడినట్టు ఉంటుంది. భాష రాకపోయినా చాలు.

యాండా అనగానే ఒక మాట చెప్పాలి. ‘మ్యాన్ ఆఫ్ మార్బుల్’లో ఆమె అగ్నియెష్కా అనే సినిమా విద్యార్థిని. కెమెరా భుజాన వేసుకుని, ఎదురొచ్చిన అధికారినల్లా నిలదీసే పిల్ల. బిర్కుత్‌ని వెతుక్కుంటూ వచ్చి కొడుకుని కనుక్కుంటుంది, పెళ్ళి చేసుకుంటుంది. రెండో సినిమాలో ఆమె నిర్బంధంలో కూర్చుని వింకెల్‌కి భర్త కథ చెబుతుంది. అంత నిప్పులాంటి పిల్లని అంత అణకువగల ఇల్లాలిని చేయడం నాకు నచ్చలేదు, ఇప్పటికీ నచ్చదు. పైగా ఆ సమ్మెని నిలబెట్టింది ఆడవాళ్ళే. అన్నా వాలెంటినోవిచ్ అనే క్రేన్ ఆపరేటర్ని, రిటైర్ కావడానికి ఐదు నెలలుందనగా, 1980 ఆగస్టు 7న ఉద్యోగంలోంచి తీసేశారు. ఆగస్టు 14న పని ఆగింది ఆమెని వెనక్కి తీసుకోమనే. రెండు రోజులకి, ఆమెని తీసుకుంటాం, జీతాలు పెంచుతాం అని యాజమాన్యం ఒప్పుకోగానే జనం ఇళ్ళకి బయలుదేరారు. మాకు మద్దతుగా సమ్మెలోకి దిగిన చిన్న ఫ్యాక్టరీల వాళ్ళ గతేంటని గేట్ల దగ్గర అడ్డం నిలబడి ఆపినవాళ్ళు వాలెంటినోవిచ్, నర్సు అలీనా పియెన్‌కోవ్‌స్కా, ట్రాము నడిపే హెన్రికా క్షివోనోస్. ఆ గంటలో వాళ్ళు లేకపోతే సమ్మె ఒక యార్డు జీతాల సెటిల్మెంటుగా ముగిసిపోయేది.

వాలెంటినోవిచ్ సినిమాలో తనలాగే కనిపిస్తుంది. సమ్మె నాయకుడు లెక్ వాలెసా కూడా అంతే. మాచెక్, అగ్నియెష్కా చర్చిలో పెళ్ళి చేసుకుంటుంటే సాక్షిగా నిలబడ్డ మీసాల ఎలక్ట్రీషియన్ అతనే. “ఈయన నిజం మనిషే నాన్నా, నటుడు కాదు” అని చెబితే నాన్న కుర్చీలో ముందుకు జరిగారు. వాలెంటినోవిచ్ క్రేన్ ఎక్కకముందు ఆ యార్డులో చాలా ఏళ్ళు వెల్డరుగా చేసిందని నాకు ఆ రోజు తెలియదు. తెలిసుంటే ఆ మాటా చెప్పేవాణ్ణి, ఎంత సంతోషించేవారో.

ఆయనకి అర్థం కాక నన్ను గట్టిగా అడిగిన ప్రశ్న ఒక్కటే. “వీళ్ళకి అసలు యూనియన్ లేదా?” ఉంది, ఒక్కటే ఉంది, అది పార్టీ చేతిలో ఉంటుంది, మేనేజ్‌మెంటూ పార్టీదే అని చెప్పాను. కాసేపు మాట్లాడలేదు. మా గేటు ముందు నాలుగైదు జెండాలు ఎగిరేవి. ఒకళ్ళనొకళ్ళు తిట్టుకునేవాళ్ళు, ఎన్నికలప్పుడు కొట్టుకునేవాళ్ళు కూడా. ఆయన జీవితమంతా విసుక్కున్న విషయం అది. ఆ రోజు మాత్రం మెల్లగా, “ఒక్కటే యూనియన్ అయితే, అదీ వాళ్ళదే అయితే, ఇంక మనవాడు ఎవడి దగ్గరికెళ్ళి చెప్పుకుంటాడు?” అన్నారు. లెనిన్ ఫొటో ఆ తర్వాతా గోడ మీద అలాగే ఉంది. తీయాలని ఆయనకి తోచలేదు, నాకూ తోచలేదు. కానీ మావయ్యతో వాదన వచ్చినప్పుడు నాన్న ఆ సమ్మెని ‘గ్డాన్‌స్క్ గొడవ’ అనడం మానేసి ‘గ్డాన్‌స్క్ వాళ్ళ సమ్మె’ అనడం నేను గమనించాను.

ఈ సినిమా ఎలా పుట్టిందో తర్వాత చదివాను. సమ్మె నడుస్తుండగానే వైదా యార్డుకి వెళ్ళాడు. గేటు నుంచి లోపలికి తీసుకెళ్తున్న కార్మికుడొకడు, మా మీద ఒక సినిమా తీయండి అన్నాడట. ఏ సినిమా అని అడిగితే, ‘మ్యాన్ ఆఫ్ ఐరన్’ అన్నాడట. పేరు పెట్టింది అతనే. పాలరాయి తర్వాత ఇనుము. సెన్సారు పట్టు సడలిన ఆ కొద్ది నెలల్లోనే తీయాలి, తలుపు మళ్ళీ ఎప్పుడు మూసేస్తారో తెలియదు. స్క్రిప్టు అలెక్సాండర్ శ్చిబోర్-రిల్‌స్కీ రాశాడు. 1981 మేలో కాన్ ఉత్సవంలో పామ్ డోర్ బహుమతి వచ్చింది, జూలైలో పోలండ్ హాళ్ళల్లోకి వచ్చింది, డిసెంబర్‌లో సైనిక పాలనతో పాటు నిషేధం వచ్చింది. ఆ హడావిడి సినిమాలో కనిపిస్తుంది. కొన్ని సీన్లు ఉపన్యాసాల్లా ఉంటాయి. మాచెక్ మరీ మంచివాడు, ఒక్క మచ్చ ఉండదు. అయినా నాకు ఆ తొందరే ఇష్టం. గేటు మీద పూలు వాడకముందే తీసిన సినిమా అది.

చివర్లో ఒప్పందం మీద సంతకాలవుతాయి. 1980 ఆగస్టు 31. వాలెసా చేతిలో పోప్ జాన్ పాల్ బొమ్మ ఉన్న పెద్ద పెన్ను. అందరూ ఏడుస్తూ నవ్వుతూ ఉంటారు. వింకెల్ కూడా మారిపోయి, నాకూ ఇందులో చోటుందనుకుంటాడు. అప్పుడు అతన్ని పంపిన అధికారి ఎదురుపడి, ఈ ఒప్పందం చెల్లదు, బలవంతాన చేయించుకున్న సంతకం చట్టం ముందు నిలబడదు, అది ఉత్త కాగితం అంటాడు. అంత సంతోషం మధ్యలో వైదా ఆ మాట పెట్టాడు. ఒప్పందమయ్యాక పదహారు నెలలు తిరగకుండానే, సైనిక పాలనతో, ఆ అధికారి మాట నిజమైంది. మేం 1990లో చూస్తున్నాం కాబట్టి, ఆ తర్వాత ఎనిమిదేళ్ళకి అదీ అబద్ధమైందని తెలుసు. నాన్న మాత్రం ఇంటికి వెళ్ళేదాకా ఆ అధికారినే తిడుతూ ఉన్నారు. “సెటిల్మెంటు మీద సంతకం పెట్టి చెల్లదంటాడా!” బస్సులో జనం మావైపు తిరిగి చూశారు.

ఇంకో చిన్న సంగతి. 1976లో పోలండ్‌లో మళ్ళీ ధరలు పెంచినప్పుడు, వార్సా పక్కన ఉర్సుస్ ట్రాక్టర్ ఫ్యాక్టరీ కార్మికులు రైలు పట్టాల మీదికి వచ్చి రైళ్ళు ఆపేశారు. మా తాతగారి ఊళ్ళో మునసబు గారి ఎస్కార్ట్స్ ట్రాక్టర్ వెనక మేం పరిగెత్తేవాళ్ళం. ఎస్కార్ట్స్ వాళ్ళు అరవైల్లో ట్రాక్టర్ల తయారీ మొదలుపెట్టింది ఆ ఉర్సుస్ సాయంతోనేనని పెద్దయ్యాక తెలిసింది.

ఉద్యోగం ఓడల తనిఖీకి సంబంధించినది కావడంతో 2016లో నాకు గ్డాన్‌స్క్ వెళ్ళే అవకాశం వచ్చింది. వైదా చనిపోయింది ఆ ఏడాదే, అక్టోబర్‌లో. రెండో నంబరు గేటు అలాగే ఉంది, పూలతో సహా. దాని ముందు 1970లో చనిపోయినవాళ్ళ గుర్తుగా మూడు శిలువలు, ఒక్కొక్కటీ 42 మీటర్లు. లంగర్లు శిలువలకి వేలాడుతుంటాయి. అవి చూస్తే నాకు స్టీలు ప్లేట్ల అతుకులే ముందు కనిపించాయి, వెల్డరు కొడుకుని కదా. కట్టింది ఆ యార్డు వాళ్ళే, ఒప్పందం అయిన నాలుగు నెలల్లోపే, 1980 డిసెంబర్ 16 నాటికి నిలబెట్టేశారు. పక్కనే తుప్పు రంగు ఇనుప రేకులతో ఓడ పొట్టలా కట్టిన సాలిడారిటీ కేంద్రం. లోపల మొదటి గదిలో పైకప్పు నిండా కార్మికుల హెల్మెట్లు.

ఆ గదిలోనే నేను ఎక్కువసేపు ఉండిపోయాను. కారణం రెండు ప్లైవుడ్ చెక్కలు. గేటు మీద వేలాడదీసిన ఇరవై ఒక్క డిమాండ్లు వాటి మీదే చేత్తో రాశారు. 2003లో యునెస్కో వాటిని ప్రపంచ స్మృతి జాబితాలో చేర్చింది. అక్షరాలు చివరికొచ్చేసరికి ఇరుకైపోయాయి. పక్కన ఇంగ్లీషు అనువాదం పెట్టారు. నాన్నకి ఫోన్ చేశాను. డెబ్బై దాటారు అప్పటికి, చెవి సరిగ్గా వినబడదు, గట్టిగా చదవాల్సి వచ్చింది. సందర్శకులు చూస్తున్నా పట్టించుకోలేదు.

ఒకటి, పార్టీతోనూ యాజమాన్యంతోనూ సంబంధం లేని స్వతంత్ర యూనియన్. రెండు, సమ్మె హక్కు. మూడు, మాటకీ పత్రికలకీ స్వేచ్ఛ. నాలుగు, 1970లో, 1976లో తీసేసినవాళ్ళని ఉద్యోగాల్లోకి తీసుకోవాలి, రాజకీయ ఖైదీల్ని వదలాలి. ఎనిమిది, నెలకి రెండు వేల జ్లోతీలు పెంచాలి. పదమూడు, మాంసానికి రేషన్ కూపన్లు ఇవ్వాలి. పదిహేడు, పనికెళ్ళే తల్లుల పిల్లలకి క్రెష్‌లు. ఇరవై ఒకటి, శనివారాలు సెలవు. తొమ్మిదోది నేను తొందరలో దాటేశాను.

“తొమ్మిది చదవలేదేం?” అన్నారు అటునుంచి. ఒక్కొక్కటీ లెక్కపెట్టుకుంటున్నారన్నమాట.

చదివాను. ధరలు పెరిగిన కొద్దీ జీతం దానంతటదే పెరిగేలా హామీ ఇవ్వాలి.

“అది డీఏరా! మన డీఏనే!” అని అరిచారు నాన్న. అమ్మ ఎవరితో అని అడిగినట్టుంది, ఫోన్ పక్కకి తిప్పి ఆమెకి చెబుతున్నారు, గ్డాన్‌స్క్ వాళ్ళు డీఏ అడిగారట, తొమ్మిదో పాయింటు, చెక్క మీద రాసి గేటుకి కట్టారట అని. తర్వాత నాతో, “అన్నీ ఒక కాగితం మీద తెలుగులో రాసి పట్టుకురా. మావయ్యకి చూపించాలి” అన్నారు.

ఆ రాత్రి హోటల్లో కూర్చుని ఇరవై ఒకటీ రాశాను.